రాత్రి కావలివాని మనుమరాలు

1953 ఆగస్టు 1వ తేదీన అమెరికా కాంగ్రెసు 108వ సంఖ్య గల ఒక ఉభయసభా తీర్మానాన్ని ఆమోదించింది. అందులో కఠినమైన మాట ఒక్కటీ లేదు. ఇండియన్ తెగలవారిని తక్కిన పౌరులతో సమానులను చేయాలనీ, ప్రభుత్వ పర్యవేక్షణ నుండి వారికి వీలైనంత త్వరగా విముక్తి కలిగించాలనీ దాని సారాంశం. విముక్తి అన్న మాట ఎవరికి చేదు? అయినా ఆ తీర్మానంలో పేరు పెట్టి చెప్పిన తెగలలో ఒకటైన టర్టిల్ మౌంటెన్ చిప్పెవా తెగవారు మాత్రం భయపడ్డారు. ఆ మాటల వెనుక ఉన్న లెక్క వారికి తెలుసు. భూములు ఇచ్చివేసినందుకు బదులుగా ఒప్పందాల ప్రకారం ప్రభుత్వం కల్పించవలసిన వైద్యమూ చదువూ ఆగిపోతాయి. ఉమ్మడి భూమి అంగట్లోకి వస్తుంది. తెగ అనేది చట్టం కంటికి కనబడకుండా పోతుంది. ఈ విధానానికి సర్కారు కాగితాలలో పెట్టిన పేరు 'టెర్మినేషన్'.

ఆ రోజులలో ఆ తెగ సలహా సంఘానికి అధ్యక్షుడు పాట్రిక్ గూర్నో అనే ఆయన. చదివింది ఎనిమిదవ తరగతి. నార్త్ డకోటా రాష్ట్రంలో, కెనడా సరిహద్దుకు చేరువగా, రోలా అనే చిన్న ఊరిలో సున్నితమైన యంత్రాలలో అమర్చే రత్నపు బేరింగులను తయారుచేసే ఫ్యాక్టరీ ఒకటి ఉండేది. ఆయన అందులో రాత్రి కావలివాడు. రాత్రంతా కాపలా, పగలంతా తెగ పని. నిద్ర ఎప్పుడు పోయేవాడో తెలియదు. 1954 మార్చిలో ఆయన తనవారితో కలిసి వాషింగ్టన్ వెళ్ళి, కాంగ్రెసు ఉపసంఘాల ముందు నిలబడి, మాకు ఈ విముక్తి వద్దని చెప్పి వచ్చాడు.

ఆ విచారణ జరిగిన మూడు నెలలకు, 1954 జూన్ 7న, ఆయన కూతురికి ఒక ఆడపిల్ల పుట్టింది. ఆ పిల్ల పెద్దదై, తాతగారు ఆ రోజులలో రాసిన ఉత్తరాలను ముందు పెట్టుకుని, ఆయన కథను నవలగా రాసింది. 2020లో వెలువడిన ఆ నవల పేరు 'ది నైట్ వాచ్‌మన్'. 2021లో దానికి పులిట్జర్ బహుమానం వచ్చింది. ఆ రచయిత్రి లూయీజ్ ఎర్డ్రిక్. ఆమె జీవితాన్ని గురించీ రచనలను గురించీ నాలుగు మాటలు రాయాలని చాలా కాలంగా అనుకుంటున్నాను. ఆమెది ఒక్కరి జీవితం కాదు, మూడు తరాల చరిత్ర. అందులో ఒక బడి ఉన్నది, ఒక భాష ఉన్నది. ముప్పై ఏళ్ళకు పైగా బడిలో భాష చెప్పి బతికిన నావంటివాడు దాన్ని తేలికగా దాటిపోలేడు.

మొదట ఆ భూమి సంగతి. చిప్పెవా అనేది ఇంగ్లీషువారి నోట మారిన రూపం. అసలు మాట ఓజిబ్వే. తమను తాము వారు అనిషినాబే అని చెప్పుకుంటారు. 1882లో అధ్యక్షుని ఉత్తర్వుతో టర్టిల్ మౌంటెన్ వద్ద వారికి ఇరవైకి పైగా టౌన్‌షిప్పుల నేల కేటాయించారు. టౌన్‌షిప్పు అంటే ఆరు మైళ్ళ పొడవు, ఆరు మైళ్ళ వెడల్పు గల భూఖండం. రెండేళ్ళు తిరక్కుండానే, 1884లో, దాన్ని రెండు టౌన్‌షిప్పులకు కుదించారు. అంటే డెబ్బై రెండు చదరపు మైళ్ళు. తరువాత 1892లో చేసుకున్న ఒప్పందం ప్రకారం సుమారు కోటి ఎకరాలను పది లక్షల డాలర్లకు వదులుకోవలసి వచ్చింది. ఎకరా పది సెంట్లు! పది సెంట్ల ఒప్పందమని నేటికీ దాన్ని ఎత్తిపొడుస్తారు. ఆ పది లక్షలైనా వెంటనే ఇచ్చారా అంటే, ఒప్పందాన్ని ఆమోదించడానికే కాంగ్రెసుకు 1904 దాకా తీరిక దొరకలేదు.

ఇక బడి సంగతి. 1879లో పెన్సిల్వేనియాలోని కార్లైల్‌లో రిచర్డ్ హెన్రీ ప్రాట్ అనే సైనికాధికారి ఇండియన్ పిల్లలకు ఒక వసతి పాఠశాల పెట్టాడు. మనిషిని దక్కించుకోవాలంటే అతనిలోని ఇండియన్‌ను చంపాలన్నది ఆయన సిద్ధాంతం. ఆ మాదిరిని పట్టుకుని దేశమంతటా బళ్ళు వెలిశాయి. పిల్లలను ఊళ్ళ నుండి తీసుకుపోయేవారు. జుట్టు కత్తిరించేవారు, పేరు మార్చేవారు, అమ్మ భాషలో మాట్లాడితే దండించేవారు. 2024లో అమెరికా ప్రభుత్వమే ప్రకటించిన నివేదిక ప్రకారం ఇటువంటి బళ్ళు 417. వాటిలో చనిపోయినట్టు గుర్తించగలిగిన పిల్లలే 973 మంది. ఆ ఏడాది అక్టోబరు 25న అధ్యక్షుడు బైడెన్ ఈ బళ్ళ విషయమై క్షమాపణ చెప్పాడు.

పాట్రిక్ గూర్నో ఇటువంటి బళ్ళలోనే చదివాడు. వాటిలో ఒకటి నార్త్ డకోటాలోని వాపెటన్ అనే ఊరిలో ఉన్నది. కొన్ని దశాబ్దాల తరువాత అదే బడిలో ఆయన కూతురు రీటా ఉపాధ్యాయురాలైంది. ఆమె భర్త, జర్మన్ సంతతివాడైన రాల్ఫ్ ఎర్డ్రిక్, కూడా అక్కడే ఉపాధ్యాయుడు. వారి ఏడుగురు సంతానంలో పెద్దపిల్ల లూయీజ్. మిన్నెసోటాలోని లిటిల్ ఫాల్స్‌లో పుట్టినా ఆమె పెరిగింది వాపెటన్‌లోనే. తాతకు భాష మరిపించిన బడి తల్లిదండ్రులకు జీతమిచ్చింది. కాలం మారగా బడి తీరు కూడా మారిందనుకోండి. అయినా ఈ చిక్కుముడి ఎర్డ్రిక్ నవలలన్నిటికీ అడుగున ఉన్నదని నాకు తోస్తుంది. ఆమె పుస్తకాలలో బడి శుద్ధ రాక్షసి కాదు, దేవాలయమూ కాదు. పిల్లవాడి నోటి నుండి ఒక భాషను లాగి వేరొక భాషను పెట్టే చోటు. ఆ రెండవ భాషతోనే పిల్లవాడు ఒకనాడు తిరిగి దెబ్బ కొట్టగలడు.

'ది నైట్ వాచ్‌మన్'లో తాతగారి పాత్ర పేరు థామస్ వజాష్క్. అతని చేవ్రాతను రచయిత్రి ప్రత్యేకంగా వర్ణిస్తుంది. వసతి పాఠశాలలో దిద్దించి దిద్దించి నేర్పిన గుండ్రని పామర్ పద్ధతి దస్తూరీ అది. ఆ దస్తూరీతోనే అతడు రాత్రి గస్తీల నడుమ కూర్చుని శాసనసభ్యులకు, అధికారులకు, పత్రికలకు ఉత్తరాలు రాస్తాడు. అతడు ఒంటరిగా ఉన్నప్పుడు రోడరిక్ అనే పిల్లవాడి దయ్యం కనబడుతూ ఉంటుంది. బడిలో నేలమాళిగలో బంధించగా జబ్బు చేసి చనిపోయిన చిన్ననాటి స్నేహితుడు. ఒకే బడి, ఒకే రాత్రి. బల్ల మీద ఆ బడి నేర్పిన అందమైన అక్షరాలు, బల్లకు అవతల ఆ బడి చంపిన పిల్లవాడు. దీన్ని గురించి రచయిత్రి వ్యాఖ్యానమేమీ చేయదు. చేసి ఉంటే పాడైపోయేది.

ఈ నవలలో మాటల మీద చూపే శ్రద్ధ వ్యాకరణం చదివినవారికి ముచ్చట గొలుపుతుంది. థామస్ తీర్మానాన్ని మళ్ళీ మళ్ళీ చదువుతాడు. సమానత్వం, స్వేచ్ఛ వంటి పెద్ద మాటల మేఘాన్ని తొలగించి చూస్తే అతనికి మిగిలేది 'టెర్మినేషన్' అన్న ఒక్క మాట. దానికి ముందు 'ఎక్స్' అన్న చిన్న ఉపసర్గ చేర్చితే 'ఎక్స్‌టెర్మినేషన్' అవుతుంది. అంటే సమూల నాశనం. హృ ధాతువు మీద ఉపసర్గలు చేరి ప్రహారం, ఆహారం, సంహారం, విహారం, పరిహారం అయ్యే తీరును మనం పిల్లలకు చెబుతూ ఉంటాం కదా. విహారమని చెప్పి సంహారం చేయడం ఎలాగో ఆ తీర్మానం రాసినవారికి బాగా తెలుసు. రాత్రి కావలివానికీ తెలిసింది.

ఈ విధానానికి ముఖ్య సూత్రధారి యూటా రాష్ట్రపు సెనేటరు ఆర్థర్ వాట్కిన్స్. నవలలో ఆయన అసలు పేరుతోనే కనబడతాడు. ప్రత్యర్థిని అర్థం చేసుకోవడానికి థామస్ అతని మతగ్రంథమైన మార్మన్ గ్రంథాన్ని పట్టుకుని చదువుతాడు. ఇది నాకు మిక్కిలి నచ్చిన ఘట్టం. వాట్కిన్స్ చరిత్రలో మరొక చోట కూడా కనబడతాడు. 1954లోనే, కమ్యూనిస్టుల వేట పేరుతో దేశాన్ని హడలెత్తించిన సెనేటరు మెకార్తీ మీద విచారణ జరిపి అభిశంసనకు సిఫారసు చేసిన సంఘానికి ఆయనే అధ్యక్షుడు. ఆ పనికి నేటికీ ఆయనను మెచ్చుకునేవారున్నారు. మెచ్చుకోదగిన పనే. ఒక గదిలో న్యాయమూర్తి వలె కూర్చున్న మనిషి పక్క గదిలో తన మేలు తప్ప ఎదుటివాని మాట వినిపించుకోని మనిషి కావచ్చు. తమకు ఏది మంచిదో తెగలవారికి తెలియదు, నాకు తెలుసు అన్నది ఆయన ధోరణి. దుర్మార్గునితో తలపడడం తేలిక, హితైషితోనే కష్టం.

ఫలితం ఏమైందంటే, టర్టిల్ మౌంటెన్ తెగ బతికిపోయింది. వారి మీద పెట్టిన బిల్లు చట్టం కాలేదు. తక్కినవారికి ఆ అదృష్టం లేదు. విస్కాన్సిన్‌లోని మెనామినీ తెగనూ, ఆరెగన్‌లోని క్లామత్ తెగనూ 1954లో చేసిన చట్టాలతో రద్దు చేశారు. మొత్తం మీద నూరుకు పైగా తెగలు ఈ విధానం పాలబడ్డాయి. మెనామినీ వారికి 1973లో, క్లామత్ వారికి 1986లో గుర్తింపు తిరిగి వచ్చింది. పోయిన అడవులు, నేలలు అంత తేలికగా తిరిగి రాలేదు. ఎనిమిదవ తరగతి చదివిన ఒక కావలివాడు, అతని వెంట నడిచిన మరి కొందరు ఆనాడు నోరు విప్పకపోతే ఏమయ్యేదో ఊహించుకోవచ్చు.

థామస్ ఇంటిపేరైన వజాష్క్ అంటే ఓజిబ్వే భాషలో మస్క్‌రాట్ అనే చిన్న నీటి జంతువు. పందికొక్కు కంటె కొంచెం పెద్దది, చూపులకు దీనమైనది. వారి సృష్టి కథలో జలప్రళయం వచ్చినప్పుడు పెద్ద పెద్ద జంతువులు మునిగి అడుగున మన్ను తేలేకపోతాయి. చివరకు ఈ అల్పప్రాణి మునిగి, ఊపిరి ఆగిపోయినా గుప్పెట్లో పిడికెడు మన్నుతో పైకి తేలుతుంది. ఆ మన్నును తాబేటి వీపు మీద ఉంచగా అది భూమి అయింది. చదవగానే మనకు వరాహమూ కూర్మమూ గుర్తుకు వస్తాయి. పోలిక కనబడగానే చుట్టరికం కలిపే తొందర మనవారికి కాస్త ఎక్కువ. నేను ఆ పనికి పూనుకోను. ఒక్క తేడా మాత్రం చెబుతాను. మన కథలో భూమిని ఎత్తినవాడు విష్ణువు, వారి కథలో ఎలుక వంటి జంతువు. తాతగారికి ఆ పేరు పెట్టడంలో రచయిత్రి ఉద్దేశం వేరే చెప్పనక్కరలేదు.

ఇక ఆమె రచయిత్రి ఎలా అయిందో కొంచెం చెప్పాలి. చిన్నప్పుడు కథ రాసి చూపిస్తే తండ్రి ఒక్కొక్క కథకు అయిదు సెంట్ల నాణెం ఇచ్చేవాడట. తల్లి రంగు కాగితాల పేలికలు అల్లి ఆ కథలకు అట్టలు వేసేదట. తండ్రికి పద్యాలు కంఠతా వచ్చేవి, పిల్లలకు వినిపించేవాడు. ఇంతకన్న మంచి ప్రచురణ సంస్థ ఏ రచయితకూ దొరకలేదు. 1972లో డార్ట్‌మత్ కళాశాల మొదటిసారిగా ఆడపిల్లలను చేర్చుకున్నప్పుడు ఆ మొదటి జట్టులో ఆమె ఉన్నది. ఇండియన్ తెగల అధ్యయన విభాగం కూడా అక్కడ ఆ ఏడే మొదలైంది. 1979లో జాన్స్ హాప్కిన్స్ విశ్వవిద్యాలయంలో సృజనాత్మక రచనలో ఎం.ఏ. చేసింది. ఆ అధ్యయన విభాగాన్ని నెలకొల్పిన మైకేల్ డోరిస్‌ను 1981లో వివాహమాడింది. ఇద్దరూ కలిసి 1991లో ఒక నవల కూడా ప్రచురించారు. 1997లో డోరిస్ మరణించాడు. ఆ సంసారంలోని దుఃఖాలు అప్పట్లో పత్రికలకెక్కాయి. వాటిని తవ్వడం ఈ వ్యాసానికి అనవసరం.

1982లో ఒక కథకు నెల్సన్ ఆల్గ్రెన్ బహుమతి వచ్చింది. ఆ కథే పెరిగి 1984లో 'లవ్ మెడిసిన్' నవల అయింది. అంటే వశీకరణ మందు అన్నమాట. 1981 ఈస్టరు నాడు జూన్ కాష్‌పా అనే స్త్రీ మంచులో ఇంటికి నడిచి వెళ్ళబోయి దారిలో చనిపోతుంది. నవలంతా ఆ చావు చుట్టూ తిరుగుతుంది. ఒక్కొక్క అధ్యాయం ఒక్కొక్కరు చెబుతారు. అందరి మాటలూ కలిస్తేనే నిజం తెలుస్తుంది, పూర్తిగా తెలియదు కూడా. పేరుకు కారణమైన అధ్యాయం నవ్విస్తూనే గుండె పట్టేస్తుంది. తాతకు వేరొక ఆవిడ మీద మనసు పోవడంతో, అమ్మమ్మ మీదకు దాన్ని మళ్ళించడానికి లిప్షా అనే మనుమడు మందు తయారుచేయబూనుకుంటాడు. జీవితాంతం జంట విడవని బాతు జాతి పక్షుల గుండెకాయలు కావాలి. వేటాడబోతే అవి దొరకవు. అంగడికి పోయి మంచుగడ్డ కట్టిన టర్కీ కోళ్ళ గుండెలు కొని తెస్తాడు. తినమని పోరుతూ ఉండగా ముసలాయన గొంతుకు అడ్డం పడి ప్రాణం పోతుంది. పాత విద్య చెడిపోయి, కొత్త అంగడి సరుకుతో దాన్ని నడపబోయిన తరం కథ అది. హాస్యం ఎక్కడ ఆగి శోకం ఎక్కడ మొదలైందో గీత గీయలేము.

అన్ని పుస్తకాలూ ఒక్క తూకం కావు. 1986 నాటి 'ది బీట్ క్వీన్' నాకు అంతగా పట్టలేదు. ఆమె వలెనే ఇండియన్ మూలాలున్న సుప్రసిద్ధ రచయిత్రి లెస్లీ మార్మన్ సిల్కో ఆ నవలను తీవ్రంగా విమర్శించింది. వాక్యం మెరుగు మీద ఉన్న శ్రద్ధ నార్త్ డకోటాలో ఇండియన్లు పడే బాధల మీద లేదని ఆమె అభియోగం. ఆ ఒక్క పుస్తకం వరకు అందులో కొంత సబబు ఉన్నదనే నా అభిప్రాయం. కాని రెండేళ్ళకే, 1988లో, 'ట్రాక్స్' వచ్చింది. ప్రచురణలో మూడవదైనా ఆమె మొదట రాయడం మొదలుపెట్టిన నవల అదే. దాన్ని చదివినవారెవరూ ఈ రచయిత్రికి చరిత్ర పట్టదని అనలేరు.

'ట్రాక్స్' కథాకాలం 1912 నుండి 1924 వరకు. తెగ మూడు వంతులు అంటురోగాలకు పోయింది. మిగిలినవారి భూమి కాగితాల మీద పోతున్నది. 1887 నాటి డాస్ చట్టం ఉమ్మడి భూమిని కుటుంబాల వారీగా ముక్కలు చేసింది. ముక్క చేతికి వచ్చింది, కొన్నాళ్ళకు దాని మీద పన్ను కూడా వచ్చింది. పన్ను కట్టలేనివాని ముక్క కలప కంపెనీకి పోయింది. ఈ కథ చెప్పేవారు ఇద్దరు. నానాపుష్ అనే హాస్యప్రియుడైన ముసలివాడు, పౌలీన్ అనే మతోన్మాదంలో పడి తనవారినే అసహ్యించుకున్న పిల్ల. ముసలివాడు తన కథను లూలు అనే అమ్మాయికి చెబుతాడు. ఆమెను తల్లి ఫ్లూర్ దూరపు వసతి పాఠశాలకు పంపింది, ఆ కోపం లూలుకు పోలేదు. అక్క ఎందుకు, మన ఊళ్ళలో పెద్దవాళ్ళు అరుగు మీద కూర్చోబెట్టి అలిగిన పిల్లకు సర్దిచెప్పే తీరు చూడండి, అదే తీరు. చరిత్ర చెప్పడం అక్కడ ఒక బిడ్డను తల్లితో కలిపే ప్రయత్నం. చివరకు కలపవాళ్ళు ఫ్లూర్ అడవిలోకి అడుగు పెట్టేటప్పటికి చెట్లన్నీ నిలబడే ఉంటాయి. గాలి వీస్తుంది. ఆమె ముందుగానే మొదళ్ళ దాకా రంపంతో కోసి ఉంచింది. ఒక్కొక్కటే వారి బండ్ల మీద కూలుతుంది. భూమి మాత్రం దక్కదు.

చట్టం అనే వస్తువు ఆమెను వదలలేదు. 2012లో నేషనల్ బుక్ అవార్డు పొందిన 'ది రౌండ్ హౌస్' 1988లో జరిగే కథ. పదమూడేళ్ళ కుర్రవాడు జో. తల్లి మీద అత్యాచారం జరుగుతుంది. తండ్రి తెగ న్యాయస్థానంలో న్యాయమూర్తి. అయినా నేరస్థుని శిక్షించలేడు. నేరం జరిగిన అడుగు నేల తెగదా, రాష్ట్రానిదా, కేంద్రానిదా అని తేలితే గాని ఏ న్యాయస్థానానికీ అధికారం లేదు. పైగా ఇండియన్ కానివానిని తెగ న్యాయస్థానం విచారించరాదని 1978లో ఆలిఫెంట్ కేసులో సుప్రీంకోర్టు తీర్పు ఇచ్చింది. నవల వచ్చిన మరుసటి ఏడాది, 2013లో, స్త్రీలపై హింసను నిరోధించే చట్టాన్ని పునరుద్ధరించినప్పుడు కొన్ని నేరాల వరకు ఆ అధికారాన్ని తెగలకు తిరిగి ఇచ్చారు. నవల వల్లనే చట్టం మారిందని నేను అనను. ఎంతోమంది స్త్రీలు ఏళ్ళ తరబడి చేసిన పోరాటం అది. తండ్రీ కొడుకులు పాత కేసుల కట్టలు విప్పి, ఇందులో ఎవరికి మన మీద పగ అని వెతికే అధ్యాయాలు మాత్రం మరపురావు.

ఆ అవార్డు అందుకున్న వేదిక మీద ఆమె తన మాటల్లో కొన్నిటిని ఓజిబ్వే భాషలో పలికింది. ఇక్కడే నేను ఇంతసేపూ చెప్పదలచుకున్న సంగతి ఉన్నది. ఆ భాష ఆమెకు ఉగ్గుపాలతో వచ్చినది కాదు. తాతగారు ప్రార్థించే భాషగా చిన్నప్పుడు చెవిన పడింది, అంతే. పెద్దయిన తరువాత, పేరు వచ్చిన తరువాత, పట్టుబట్టి నేర్చుకున్నది. ఆ భాషలో మాటలలో సింహభాగం క్రియలేనని ఆమె 2000 సంవత్సరంలో రాసిన ఒక వ్యాసంలో చెబుతుంది. నామవాచకాలను ప్రాణమున్నవి, ప్రాణం లేనివి అని విభజిస్తారు. వింత ఏమిటంటే అక్కడ రాయి ప్రాణమున్న మాట. వంట పాత్ర, పొగాకు గొట్టం కూడా ప్రాణమున్నవే. ఇంగ్లీషులో రాసుకుంటూ పోయే రచయిత్రికి ఒక రాయి వద్ద ఆగి ఆలోచించవలసిన పని పడింది. మనమేం తక్కువ తినలేదు. బాలవ్యాకరణం ప్రకారం ఏకవచనంలో స్త్రీ అమహత్తు. 'ఆవు వచ్చింది', 'అమ్మ వచ్చింది', 'బండి వచ్చింది' అన్నిటికీ ఒకే క్రియ. వారు రాయిని లేపి కూర్చోబెట్టారు, మనం అమ్మను తీసుకుపోయి బండి పక్కన నిలబెట్టాం. ఏ భాష లోకాన్ని ఎలా పంచుకుందో గాని, పంపకం ఒకసారి జరిగిన తరువాత అందులో పుట్టినవారికి అదే సహజమనిపిస్తుంది.

ఇంకొక ముచ్చట. ఓజిబ్వే భాషను రాయడానికి ఛార్లెస్ ఫియేరో అనే ఆయన 1950లలో రూపొందించిన రోమన్ లిపి పద్ధతి ఇప్పుడు విరివిగా వాడుకలో ఉన్నది. దీర్ఘం కావాలంటే అచ్చును రెండుసార్లు రాయాలి. లేఖినిలో తెలుగు కొట్టడం నేర్చుకున్న మనకు ఎవరూ నేర్పకుండానే వచ్చే విద్య! పుస్తకానికి వారి మాట మజినైగన్. రాతి మీది బొమ్మలకు వాడే మాటా ఇదీ ఒకే మూలం నుండి వచ్చినవని ఆమె 2003లో రాసిన యాత్రా గ్రంథంలో సంబరంగా చెబుతుంది. మన లిఖ ధాతువుకు తొలి అర్థం కూడా గీకడం, గీయడమే.

2001లో ఆమె మినియాపొలిస్ నగరంలో 'బర్చ్‌బార్క్ బుక్స్' అని ఒక చిన్న పుస్తకాల అంగడి తెరిచింది. బర్చ్ చెట్టు బెరడు మీదనే ఓజిబ్వేలు తమ పవిత్ర చిత్రలిపులను గీసుకునేవారు. కాశ్మీర పండితులు శాస్త్రాలు రాసుకున్న భూర్జపత్రం కూడా ఆ జాతి చెట్టు బెరడే. సంస్కృతపు భూర్జ శబ్దమూ ఇంగ్లీషు బర్చ్ శబ్దమూ ఒకే తల్లి బిడ్డలని భాషాశాస్త్రజ్ఞులు అంగీకరించారు. ఈ చుట్టరికం మాత్రం కల్పించినది కాదు. కవయిత్రి అయిన చెల్లెలు హైడ్ ఎర్డ్రిక్‌తో కలిసి ఓజిబ్వే భాషలో పుస్తకాలు వేయడానికి ఒక ప్రచురణ సంస్థనూ నెలకొల్పింది. దాని పేరు వీగ్వాస్ ప్రెస్. వీగ్వాస్ అన్నా ఆ బెరడే. తాత నోట దండించి మాన్పిన భాషలో మనుమరాళ్ళు పిల్లల పుస్తకాలు అచ్చు వేస్తున్నారు.

ఇది చదివినప్పుడల్లా ఏజెన్సీ ఊళ్ళ నుండి వచ్చి మన వసతి గృహాలలో చేరే కోయ పిల్లలు, గోండు పిల్లలు నాకు గుర్తుకు వస్తారు. ఇంగ్లీషు దెబ్బకు తెలుగు చితికిపోతున్నదని మనం వాపోతాం, నిజమే. ఆ పిల్లలకు బడిలో ఎదురుపడే పరాయి భాష మన తెలుగే. మనం చెప్పే అమ్మ భాష గొప్పదన్న పాఠం వారికి మరొక భాషలో వినబడుతుంది.

అంగడి ప్రసక్తి వచ్చింది కనుక 2021 నాటి 'ది సెంటెన్స్' గురించి ఒక మాట. ఆ పుస్తకాల అంగడిలోనే కథ జరుగుతుంది. చచ్చిపోయిన ఒక ఖాతాదారు దయ్యమై పుస్తకాలు వెతుక్కుంటూ తిరుగుతూ ఉంటుంది. 2020 నాటి మహమ్మారి, ఆ నగరంలోనే పోలీసు చేతిలో జరిగిన జార్జి ఫ్లాయిడ్ హత్య కథలోకి వస్తాయి. నాయిక టూకీ అంతకు ముందు జైలులో ఉన్నప్పుడు ఒకప్పటి ఉపాధ్యాయురాలు ఆమెకు నిఘంటువు పంపుతుంది. టూకీ అందులో మొట్టమొదట వెతికిన మాట 'సెంటెన్స్'. వాక్యమన్నా అదే, శిక్ష అన్నా అదే. నిఘంటువు పంపిన ఆ పంతులమ్మకు నా నమస్కారం.

పిల్లల కోసం రాసిన 'ది బర్చ్‌బార్క్ హౌస్' 1999లో వచ్చింది. 1847లో ఒక ద్వీపంలో ఉండే ఓమకాయాస్ అనే చిన్నపిల్ల కథ, మశూచి వచ్చి ఊరిని తుడిచిపెట్టిన చలికాలం కథ. తెల్లవారి వలసలను గురించి రాసిన పిల్లల పుస్తకాలలో ఇండియన్లు దూరాన నీడలుగా కనబడతారు. ఇందులో ఆ నీడల ఇంట్లోకి పోయి పొయ్యి దగ్గర కూర్చుంటాం. ఇటీవలి నవల 'ది మైటీ రెడ్' 2024లో వెలువడింది. అది రెడ్ నదీలోయలో చక్కెర దుంపలు పండించే రైతుల కథ. చిన్నతనంలో తాను కూలికి కలుపు తీసిన పొలాలు అవి.

కొత్తగా మొదలుపెట్టేవారు 'ట్రాక్స్'తో మొదలుపెట్టడం మంచిదని నా సలహా. చిన్న పుస్తకం, నానాపుష్ చేయి పట్టుకుని నడిపిస్తాడు. తరువాత 'ది నైట్ వాచ్‌మన్' చదవండి. 'లవ్ మెడిసిన్' చదివేటప్పుడు మాత్రం పక్కన ఒక కాగితం పెట్టుకుని వంశవృక్షం గీసుకుంటూ పోవాలి. కాష్‌పాలు, లామార్టీన్‌లు, మోరిసీలు, లజార్‌లు మూడవ అధ్యాయానికే అల్లుకుపోతారు. ఆదిపర్వం చదివి కూర్చున్నవారికి అదేమంత కష్టం కాదు.